వేసవి ముంగిళ్ళు



నేటి ప్రసంగమునకు విషయము ముంగిలి యని విన్నప్పుడు మీలో కొందఱకు నవ్వు వచ్చియుండవచ్చును. చరిత్రమనగా రాజులు, యుద్ధములు, శాసనములు గదా, ఇంటిముందటి జానెడు నేలకు చరిత్రమేమున్నదని మీరనుకొనవచ్చును. నేనును చిరకాలమట్లే తలంచితిని. ముప్పది యేండ్లకు పైగా తెలుగు పండితుడనై జగిత్యాల, కోరుట్ల, సిరిసిల్ల పాఠశాలలలో పిల్లలకు ఋతువర్ణనములు బోధించితిని. గ్రీష్మమును వర్ణించిన పద్యములకు అర్థతాత్పర్యములు చెప్పితిని గాని, ఆ గ్రీష్మమును మనవారెట్లు దాటుచు వచ్చిరో ఒక్కనాడును యోచింపనైతిని. పదవీ విరమణానంతరము నేను చేసిన యొక తప్పు నాకా పాఠము నేర్పినది. ఆ తప్పును కడపట విన్నవించెదను. ముందుగా ముంగిలి చరిత్రమును వినుడు.

నేను చెప్పు మూడూళ్ళును పూర్వము ఎలగందుల జిల్లాలోనివి. 1905లో జిల్లా కేంద్రము ఎలగందుల నుండి కరీంనగరమునకు మాఱినది. 2016 అక్టోబరు 11వ తేదీ నుండి జగిత్యాల, కోరుట్లలు జగిత్యాల జిల్లాలోను, సిరిసిల్ల రాజన్న సిరిసిల్ల జిల్లాలోను ఉన్నవి. ఉత్తరమున గోదావరి, దక్షిణమున మానేరు, నడుమ రాతిగుట్టలు, చెఱువులు. సముద్రపు గాలి మాకు సోకదు. వేసవిలో ఎండ 45 డిగ్రీలను తాకుట, కొన్ని దినములు దానిని మీఱుటయు మాకు వింత గాదు. రోహిణికార్తెకు రోళ్ళు పగులునను సామెత మా ప్రాంతమున అతిశయోక్తిగా వినబడదు.

ఇట్టి యెండలో మనుష్యుడు రెండు విధముల బ్రదుకవచ్చును. తలుపులు మూసికొని లోపల దాగియుండుట యొకటి. ఇంటి వెలుపలి నేలనే నివాసయోగ్యముగా జేసికొనుట రెండవది. మనవారు పగటి నడిజాములందు మొదటి దారిని, తక్కిన వేళలందు రెండవ దారిని పట్టిరి. ఏలనన వారి పనులు వెలుపల నుండెను. లోపల చీకటి, పొగ, ఇఱుకు. కావున ముంగిలి చల్లగా నుండుట వారికి విలాసము గాదు, అన్నము. ఈ మాటను స్థాపించుటయే నేటి నా ప్రయత్నము.

మొదట పదములను జూతము. సంస్కృతమున అంగణము, చత్వరము, అజిరము అను పర్యాయపదములు అమరకోశము చదివిన బాలునకును తెలియును. తెలుగున ముంగిలి, వాకిలి, లోగిలి, అరుగు అను మాటలున్నవి. తెలంగాణమున వాకిలి యన్నచో గుమ్మము మాత్రమే గాదు, ఊడ్చి సానుపు చల్లెడి ముందటి నేల యంతయు వాకిలియే. ఇంటి నడుమ ఆకాశము గనుపించు తెఱపి గల పాత యిండ్లను మావారు భవంతి యిండ్లందురు. కోస్తాలోని మండువా లోగిలికి ఇది చుట్టము. ఒక్క నేలకు ఇన్ని పేళ్ళుండుటయే దాని ప్రాధాన్యమునకు సాక్ష్యము.

శాస్త్రకారులును దీనిని ఉపేక్షింపలేదు. ఆఱవ శతాబ్దమువాడైన వరాహమిహిరుడు బృహత్సంహితలో వృక్షాయుర్వేదమున కొక యధ్యాయము కేటాయించెను. గట్టున నీడలేని జలాశయము మనోహరము గాదని ఆయన ఆరంభముననే చెప్పెను. నీరొకటే చాలదు, నీడ కావలెనని దాని తాత్పర్యము. తోటలందును ఇండ్లకడను ముందుగా నాటదగినవిగా ఆయన పేర్కొన్న చెట్లలో అరిష్టము, అశోకము, పొన్న, దిరిసెనము గలవు. అరిష్టమనగా వేపయని పెద్దల వ్యాఖ్య. ఋతుసంహారము గ్రీష్మముతోనే యారంభమగుట కావ్యజ్ఞులెఱిగినదే. పదునాఱవ శతాబ్దమున శ్రీకృష్ణదేవరాయలు ఆముక్తమాల్యదలో వేసవిని వర్ణించుచు బాటసారులకు నీళ్ళుపోయు చలిపందిరిని గూడ మఱువలేదు. పందిరి, తడిసిన నేల, మట్టికుండ అను మూడు వస్తువులతో ఎండను గెలువవచ్చునని ప్రతి యేటను వైశాఖమున ఊరందఱకు చూపునట్టి విద్యాలయము ఆ చలిపందిరి. ఇంటి ముంగిలి దానికి చిన్న రూపము.

ఇక మా ఊరికి వత్తము. జగిత్యాలలో నక్షత్రాకారముగా కట్టిన యొక కోట గలదు. దానిని 1747లో జఫరుద్దౌలా కట్టించెనని చెప్పుదురు. చుట్టును కందకము, దానిచుట్టును పాత వీథులు. ఆ వీథులలో నొకదానియందు మా తాతగారి భవంతి యుండెను. మందమైన మట్టిగోడలు, పైన గూనపెంకు, నడుమ తెఱపి, ముందట వాకిలి, వాకిట వేపచెట్టు. నాకు పదియేండ్ల ప్రాయమున, అనగా 1967 ప్రాంతమున, ఆ యింటి వేసవి దినచర్య నాకిప్పటికిని కన్నులకు గట్టినట్లున్నది.

తెల్లవాఱకముందే మా నాయనమ్మ వాకిలి యూడ్చి పేడనీళ్ళ సానుపు చల్లెడిది. పొద్దు జామెడెక్కగానే అరుగు ముందఱ ఈతకమ్మల తడకలు దింపెడివారు. నడిమధ్యాహ్నమున వాకిట ఒక్క చుక్క నీరు చల్లనిచ్చెడిది గాదు. మేము పిల్లలము చెంబులతో నీళ్ళు దెచ్చినచో, "ఎర్రటెండల నీళ్ళు జల్లితే భూమి ఆవిరి కక్కుతది, పొద్దు వాలనియ్యుండ్రి" అని వారించెడిది. పొద్దు వేపకొమ్మల క్రిందికి వ్రాలిన తరువాత బావినీళ్ళు తోడి, మొదట గోడల మొదళ్ళకును, తరువాత నేలకును, మడుగు గట్టకుండ సన్నముగా చల్లెడివారు. ఒక గడియ గడచిన పిమ్మట రెండవమాఱు. చీకటిపడుసరికి నులకమంచములు వాకిట వాలెడివి. మూలనున్న రంజను ఒడలెల్ల చెమర్చి యుండెడిది. పండ్రెండు మందిమి ఆ వాకిటనే నిద్రించెడివారము. తెల్లవాఱుజామున దుప్పటి వెదకికొనెడివారము.

నాడిది యాచారమని తలంచితిని. తరువాత చదివి తెలిసికొన్నది యేమనగా, మా నాయనమ్మ చేసిన ప్రతి పనికిని హేతువున్నది. ఆ హేతువులు నాలుగు.

మొదటిది నీడ. వేపచెట్టు ఎండ నాపుటయే గాక, వేళ్ళతో పీల్చిన నీటిని ఆకుల ద్వారా ఆవిరిగా విడుచును. అందువలన చెట్టునీడ గోడనీడ కంటె చల్లన. తాటికమ్మల పందిరియు, ఈతకమ్మల తడకయు తేలికైనవి. వేడిని దాచుకొనవు, సందులగుండ గాలిని పోనిచ్చును.

రెండవది తడి. ఒక లీటరు నీరు ఆవిరియగుటకు గ్రహించు వేడి, సుమారు ఏడు లీటర్ల చన్నీటిని మఱుగునట్లు చేయుటకు కావలసిన వేడితో సమానము. ఆ వేడిని నీరు నేలనుండియు గాలినుండియు లాగికొనును. రంజనులోని నీరు చల్లనగుటకును ఇదియే కారణము. వైశాఖపు గాలి పొడిగా నుండుటచే ఈ యుపాయము మాకు బాగుగా ఫలించును. మృగశిర దాటి గాలి తేమయెక్కిన పిమ్మట అంతగా ఫలింపదు. నడియెండలో చల్లినచో నీరు క్షణములో నెగిరిపోవును, శ్రమ వ్యర్థము. సాయంకాలము చల్లినచో ఆ చలువ రాత్రి వఱకు నిలుచును.

మూడవది నేల. మట్టినేల గాని, సున్నపు గచ్చు గాని నీటిని లోనికి పీల్చుకొని మెల్లమెల్లగా విడుచును. చెంబెడు నీరు గంటలకొలది పనిచేయును.

నాల్గవది ఆకాశము. మేఘములు లేని పొడిరాత్రి నేల తన వేడిని నేరుగా ఆకసమునకు వెడలగ్రక్కును. పైకప్పులేని వాకిలి కనుకనే అది తెల్లవాఱుసరికి చల్లాఱును. భవంతి నడిమి తెఱపికిని పని యదియే. రాత్రి చల్లని గాలి అందులోనికి దిగి, ఉదయము చాలసేపు ఇంటిని కాపాడును.

నీడ, తడి, ఊపిరాడు నేల, తెఱచిన ఆకాశము: ఈ నాలుగింటిలో ఏ యొక్కటి తొలగినను తక్కిన మూడును కుంటుపడును. ఈ మాటను జ్ఞాపకముంచుకొనుడు. నా తప్పునకు దీనితో సంబంధమున్నది.

ఇప్పుడు ముంగిలి అన్నమని యెందుకంటినో చెప్పెదను. ఉద్యోగరీత్యా నేను సిరిసిల్లకు బోయినప్పుడు అక్కడి నేతవారి పెద్దలతో పరిచయమయ్యెను. చేమగ్గపు కాలమున పడుగునకు గంజిపెట్టుట ఇంటిలో సాగు పని గాదు. వీథి పొడుగున పడుగును సాచి, గంజి పట్టించి, ఇరువైపుల నిలిచి కుంచెలతో దువ్వవలెను. తీక్ష్ణమైన యెండ తగిలినచో గంజి ఒక్కసారిగా ఎండి నూలు పెళుసై తెగిపోవును. కావున తెల్లవాఱుజామున చెట్లనీడ గల వీథులలోనే ఆ పని జరుగుచుండెను. మగ్గమును గుంటలో పాతుటకును ఒక లాభమున్నది. నేలతేమ నూలునకు తగిలి పోగు తెగకుండును. వేసవిలో గుంటచుట్టును నీళ్ళు చల్లుట నేతవారి నిత్యకృత్యము. అనగా వారు తమకొఱకు గాక, తొలుత నూలుకొఱకు చలువ చేసిరి. ఆ చలువలో తామును బ్రదికిరి.

కోరుట్లలో ఇదే ధర్మము వేఱు రూపమున గనబడినది. పూర్వము ఆ యూరు చేతికాగితమునకు ప్రసిద్ధము. పట్వారీలు లెక్కల పుస్తకములకు ఆ మోటు కాగితమునే వాడెడివారు. కాగితపు పని నీటితొట్టి కడ తడిలో చేయు పని. కాగితము పోయిన తరువాత ఆ యరుగులమీదికి బీడీ వచ్చినది. కోరుట్లలోను చుట్టుపట్ల గ్రామములలోను స్త్రీలు ఒడిలో చాట పెట్టుకొని, తునికాకును కత్తిరించి, బీడీలు చుట్టుటను నేను వేయిమాఱులు చూచితిని. తునికాకు ఎండినచో పెళపెళ విఱుగును. దానిని నానబెట్టి, తడిగుడ్డలో చుట్టి, నీడన నుంచవలెను. అరుగు చల్లగానున్నచో ఆకు మెత్తగానుండును, వేలు చురుకుగా నాడును, సాయంకాలమునకు లెక్క పూర్తియగును. అరుగు కాలినచో ఆకు విఱుగును, కూలి తరుగును. ఆ స్త్రీ దినభత్యము చెట్టునీడ ననుసరించి పెరుగుచు తఱుగుచు నుండెనని చెప్పినచో అతిశయోక్తి గాదు.

నూలు, కాగితము, ఆకు: మూడును తేమకోరు వస్తువులు. ఈ ప్రాంతపు పనులు ముంగిలిని చల్లగా నుంచినవా, ముంగిలి చలువ యీ పనులను నిలిపినదా యని యడిగినచో, రెండును నిజమే.

అయితే చరిత్రకారుడు చలువను మాత్రమే చూచి సంతోషింపరాదు. ఆ చలువకు నీళ్ళు మోసినదెవరో కూడ చూడవలెను. అక్బరు కాలమున వెదురు చట్టములకు వట్టివేళ్ళు కట్టి, వానిపై నీరు చల్లి, వేసవిలో శీతకాలమును రప్పించెడివారని అబుల్ ఫజల్ పదునాఱవ శతాబ్దాంతమున ఐనె అక్బరీలో వ్రాసెను. ఆ వట్టివేళ్ళ తట్టీలు దక్కను నవాబుల మహళ్ళకును, వారిని జూచి మా పల్లెలలోని దొరల గడీలకును దిగినవి. తట్టీలు తమంత తాము తడియవు. గంట గంటకును నీరు పోయువాడొకడు, పంకా త్రాడు లాగువాడొకడు, బావినుండి కావడి మోయువాడొకడు కావలెను. మా తెలంగాణమున ఆ పని వెట్టి. కూలిలేని పని. దొర వాకిలి చల్లబడునంతసేపు, నీళ్ళు మోయువాని వాకిట పొడిదుమ్ము లేచుచుండెను. వాని కుండ నింపుకొనుటకు వానికి తీఱికలేదు.

ఈ యన్యాయమునకు విరుద్ధముగా మాటలాడిన సంస్థలలో ఆంధ్రమహాసభ యొకటి. దాని నాల్గవ సమావేశము 1935లో మాడపాటి హనుమంతరావుగారి యధ్యక్షతన సిరిసిల్లలోనే జరిగెను. వెట్టిని మాన్పుటకై ఆయన చేసిన కృషి సర్వవిదితము. అయినను వెట్టి వెంటనే నశింపలేదు. 1978 సెప్టెంబరు 7వ తేదీన జగిత్యాలలో రైతుకూలీలు వేలాదిగా గూడి జైత్రయాత్ర జరిపిరి. వెట్టి పోవలెనన్నది వారి కోరికలలో నొకటి. ఆ యక్టోబరులో ప్రభుత్వము సిరిసిల్ల, జగిత్యాల తాలూకాలను కల్లోలిత ప్రాంతములుగా ప్రకటించెను. అప్పుడు నాకు ఇరువదియొక యేండ్లు. రాజకీయములను విమర్శించుటకు నేనిందు పూనుకొనలేదు. నేను చెప్పదలచినదింతే: ఒకరి దప్పికతో మఱొకరి ముంగిలి చల్లబడుట ధర్మము గాదు. తన వాకిట తాను నీళ్ళు చల్లుకొని, తాను నాటిన చెట్టునీడన కూర్చుండుటయే నిజమైన చలువ.

గడీల కాలము గడచినది గాని, పేదవాని ముంగిలికి మఱియొక యాపద వచ్చినది. అది దూరదేశమున మొదలై మెల్లగా వచ్చినది. 1824లో ఇంగ్లండున జోసెఫ్ ఆస్ప్‌డిన్ సిమెంటునకు పేటెంటు పొందెను. 1829లో హెన్రీ పామరు మడతల ఇనుపరేకునకు పేటెంటు పొందెను. ఇవి రెండును నిందింపదగినవి గావు. సిమెంటు పాములను, పుట్టలను తొలగించినది. రేకు వానను ఆపినది. ఏటేట గూనపెంకు సర్దించు వ్యయమును తప్పించినది. పేదవాడు రేకు వేసికొన్నచో వానిని తప్పుపట్టుట యెవరికిని తగదు. కాని రేకు ఎండను త్రాగి క్రిందికి కుమ్మరించును. సిమెంటు నేల పగలెల్ల వేడిని మింగి రాత్రియెల్ల విడుచును. చల్లిన నీటిని పీల్చక కాలువకు పంపును.

సిరిసిల్లలో చేమగ్గములు తగ్గి మరమగ్గములు పెరిగినప్పుడు, మగ్గము గుంటనుండి లేచి రేకులషెడ్డులోనికి పోయినది. నీడగల వీథిలో పడుగు దువ్వవలసిన యవసరము తీఱినది. ఆ వీథిచెట్లతో ఎవరికిని పనిలేకపోయినది. పనిలేని చెట్టునకు ఆయువు తక్కువ. రోడ్డు వెడల్పునకో, మురుగుకాలువకో, కరెంటు తీగకో అది బలియగును. ఇట్లు ఎవరును ముంగిలిని నాశనము చేయవలెనని సంకల్పింపకుండగనే, దాని నాలుగు కాళ్ళును ఒక్కొక్కటిగా విఱిగినవి.

ఇక నా తప్పు. నేను 2015లో పదవీ విరమణ చేసితిని. చేతికి కొంత సొమ్ము వచ్చినది. ఇల్లు శుభ్రముగా నుండవలెనను కోరిక పుట్టినది. వాకిట వేపచెట్టు ఆకులు రాల్చుచున్నది, పండ్లు రాలి ఈగలు ముసరుచున్నవి, వేళ్ళు ప్రహరీగోడను పగులగొట్టునేమోయని భయము. 2016 మాఘమాసమున చెట్టును కొట్టించి, వాకిలి యంతయు సిమెంటు చేయించి, అరుగుమీద రేకులు దింపించితిని. ఇంటికి వచ్చినవారెల్లరును బాగున్నదనిరి. నేనును గర్వించితిని.

మా చెట్టునీడన మధ్యాహ్నము దాటిన తరువాత ఇరుగుపొరుగు స్త్రీలు ఐదాఱుగురు చేరి బీడీలు చుట్టుకొనెడివారు. వారు నా కంటికి ఎన్నడును ఆనలేదు. చెట్టుతో బాటు ఉండిరి, అంతే. చెట్టు పోయిన తరువాత వారిలో పెద్దామె వాకిట నిలిచి, కొట్టిన మొదలు చూచి, నెమ్మదిగా ఒక్క మాట యనెను: "సారూ, మీరు కొట్టిచ్చింది చెట్టు గాదు, మా పని జాగ." నేను బదులు చెప్పలేకపోతిని. వారు తమ రేకుల గదులలోనికి పోయిరి.

ఆ యేడు చైత్రము దాటగానే నాకు శిక్ష యారంభమైనది. మా తల్లిగారు అప్పటికి ఎనుబదియవ పడిలో నుండిరి. జన్మమంతయు వేసవిరాత్రులు వాకిట నిద్రించిన మనిషి. మొదటి రాత్రియే లేచి కూర్చుండి, "బిడ్డా, పెంక మీద పండుకున్నట్టున్నది" అనెను. నేను బక్కెట్లకొలది నీరు పోయించితిని. నీరు జాఱి వీథిలోనికి పోయినది. పావుగంటలో నేల మఱల కాలసాగినది. వైశాఖమున ఒకనాటి యపరాహ్ణము ఆమె అరుగుమీద రేకులక్రింద సొమ్మసిల్లి పడిపోయెను. ఒడలు కాలుచుండెను. తడిగుడ్డలతో తుడిచి, విసరి, వైద్యునికడకు గొనిపోయితిమి. దైవము కటాక్షించినందున కోలుకొనెను గాని, మఱల వాకిటికి రాలేదు. లోపలి గదిలో పంకాక్రింద పండుకొని పైకప్పు చూచుచు, చుక్కలు గనబడుటలేదని చెప్పెడిది.

నేను ఋతువర్ణనములు బోధించిన పండితుడను. వరాహమిహిరుని వాక్యమునకు తాత్పర్యము చెప్పినవాడను. చదువురాని మా నాయనమ్మకు తెలిసినది నాకు తెలియకపోయినది.

మఱుసటి యేడు కూలివాండ్రను బిలిచి వాకిటి సిమెంటును మూడువంతులు త్రవ్వించితిని; నడచుటకు సన్నని బాట మాత్రము మిగిల్చితిని. మన్ను పోయించి, ఒక వేపమొక్కను, ఒక కానుగమొక్కను నాటితిని. అరుగు రేకులు తీసి తాటికమ్మల పందిరి వేయించితిని. గోడలకు తెల్లసున్నము కొట్టించితిని. మా తల్లిగారు ఆ మొక్కలకు తన చేతితో నీళ్ళు పోసిరి గాని, వాని నీడను చూడలేదు, 2018లో పరమపదించిరి. చెట్టు కొట్టుటకు ఒక్క పూట పట్టినది. మఱల నీడ వచ్చుటకు ఏడేండ్లు పట్టినది. ఆ ఏడేండ్ల లెక్కయే నేను మీకు చెప్పదలచిన చరిత్రము.

ఇది నా యొక్కని కథయైనచో ఇంతగా చెప్పకపోవుదును. 2015 మే నెలలో వడగాడ్పులకు మన దేశమున రెండువేలకు మించిన మంది మరణించిరి. వారిలో అధికులు ఆంధ్రప్రదేశ్, తెలంగాణములవారే. వారిలో వెలుపల పనిచేయువారు, వృద్ధులు, రేకులక్రింద నివసించువారు ఎందఱో. 2010 మే నెలలో ఇట్టి విపత్తు నెదుర్కొన్న అహమ్మదాబాదు నగరము 2013లో వేడి నెదుర్కొను ప్రణాళిక నొకదానిని రూపొందించుకొనెను. 2023 ఏప్రిలులో తెలంగాణ ప్రభుత్వము చల్లని పైకప్పుల విధానమును ప్రకటించెను. ఎండను త్రిప్పికొట్టు తెల్లని పూతయే అందు ముఖ్యము. మన పూర్వులు ఉగాదికి గోడలకు సున్నము వేయుటలోని ధర్మమే నేడు విధానమై వచ్చినది. సంతోషమే. కాని పైకప్పునకు విధానము వచ్చినట్లు ముంగిలికి ఎవరును విధానము చేయజాలరు. అది ఎవరి చీపురు, ఎవరి చెంబు, ఎవరి మొక్కతో వారు చేసికొనవలసినది.

అందుచే మీకు నా విన్నపము స్వల్పము. వాకిలి యంతయు సిమెంటు చేయకుడు. సగమైనను మన్ను విడువుడు. ఉన్న చెట్టును ఆకులు రాల్చుచున్నదని కొట్టకుడు. దానిక్రింద ఎవరి పని జాగ యున్నదో ముందు విచారింపుడు. రేకులు తప్పనిసరియైనచో వానిపై సున్నమైనను పూయుడు, తాటికమ్మలైనను పఱువుడు. నీళ్ళు చల్లదలచినచో పొద్దు వాలిన తరువాత కొద్దిగా చల్లుడు. కఱవునాట త్రాగునీటిని నేలపాలు చేయకుడు, పాత్రలు కడిగిన నీరు చెట్టు మొదటికి చాలును. గుమ్మమున ఒక కుండెడు నీళ్ళు పెట్టుడు. ఇందులో ఏదియు క్రొత్తది గాదు, మఱచినదే.

నిరుడు వైశాఖమున మా వాకిటి వేపక్రింద ఆ పెద్దామె మఱల వచ్చి కూర్చుండినది. ఆమెతో ఇద్దఱే వచ్చిరి. తక్కినవారు బీడీపని మానిరి. ఆమె తునికాకును తడిగుడ్డలో చుట్టి చెట్టు మొదట నుంచి, నేలపై అఱచేయి పెట్టి చూచి, ఏమియు ననక చాట ఒడిలో పెట్టుకొనెను. నేను రంజనులోనుండి చెంబెడు నీళ్ళు ముంచి ఆమె ప్రక్కన పెట్టి లోపలికి వచ్చితిని.